బకెట్‌ను బొకేగా పలికిన గొంతు

ఇంటిపేరు కస్తూరివారు, ఇల్లంతా గబ్బిలాల కంపు అని మన సామెత. 1990 అక్టోబరు 29న బీబీసీ వన్‌లో మొదలైన 'కీపింగ్ అప్ అపియరెన్సెస్' అనే కామెడీ సీరియల్ ఈ సామెతను తలకిందులు చేసింది. అక్కడ ఇల్లు అద్దంలా మెరుస్తుంటుంది. హాల్లో తెల్లటి ఫోను, అల్మరాలో చేత్తో పూలు దిద్దిన రాయల్ డౌల్టన్ కప్పులు. ఇంటికి వచ్చినవాళ్లు గోడకు ఒళ్లు తగలకుండా నడవాలి. కంపంతా ఇంటిపేరులోనే ఉంది. ఆ ఇంటిపేరు బకెట్.

నీళ్లు పట్టుకునే బకెట్టే, అర్థంలో తేడా ఏమీ లేదు. ఇంటావిడ హయసింత్ స్పెల్లింగ్ జోలికి పోదు, పలికే తీరు మాత్రం మార్చేస్తుంది. దాన్ని 'బొకే' అనాలంటుంది. ఉత్తరాలు తెచ్చేవాడి నుంచి చర్చి పాస్టరు దాకా ఎవరినీ వదలకుండా సరిదిద్దుతుంది. నువ్వు వచ్చేదాకా మాది బకెట్టే కదా అని భర్త రిచర్డ్ నసుగుతాడు. తెలుగువాళ్లకు ఈ జోకును విడమరిచి చెప్పాల్సిన పని లేదు. రెండు మాటలూ మన ఇళ్లలోకి ఎప్పుడో వచ్చేశాయి. ఒకటి బాత్‌రూమ్‌లో ఉంటుంది, రెండోది పెళ్లి రిసెప్షన్‌లో చేతికిస్తారు.

హయసింత్‌గా వేసినావిడ పట్రీషియా రౌట్‌లెడ్జ్. సీరియల్ మొదలైనప్పుడు ఆమెకు 61 ఏళ్లు. 2025 అక్టోబరు 3న, 96 ఏళ్ల వయసులో కన్నుమూసినప్పుడు, లేటు వయసులో స్టార్ అయిన నటిగా చాలామంది ఆమెను తలుచుకున్నారు. ఆ మాటలో అబద్ధం లేదు గానీ అసలు సంగతి జారిపోయింది. ఆ సీరియల్‌కు 22 ఏళ్ల ముందే ఆమె అమెరికాలో నాటకాలకిచ్చే టోనీ అవార్డు తీసుకున్నారు. రెండేళ్ల ముందు లండన్‌లో ఒలివియే అవార్డు తీసుకున్నారు. రెండూ పాడినందుకు వచ్చినవే. అంత పాడగలిగిన మనిషి, పొరుగాయన పారిపోయేంత ఘోరంగా పాడే ఆడదానిగా ప్రపంచానికి గుర్తుండిపోయారు. ఈ కెరీర్‌లో ఆలోచించాల్సిన ముడి అదే. దాన్ని విప్పాలంటే ఆమె ముఖం కంటే గొంతు వెంట వెళ్లడం మేలు.

ఆమె 1929 ఫిబ్రవరి 17న బర్కెన్‌హెడ్‌లో పుట్టారు. లివర్‌పూల్‌కు ఎదురుగా, మెర్సీ నదికి ఇవతలి ఒడ్డున ఉండే ఓడల ఊరు అది. తండ్రికి బట్టల దుకాణం ఉండేది. యుద్ధకాలంలో బాంబుల భయానికి ఆ దుకాణం కింది నేలమాళిగలోనే కుటుంబం తలదాచుకుంది. లివర్‌పూల్ యూనివర్సిటీలో ఇంగ్లిష్ చదివారు, 1952లో లివర్‌పూల్ ప్లేహౌస్‌లో షేక్‌స్పియర్ నాటకంతో స్టేజీ ఎక్కారు, బ్రిస్టల్ ఓల్డ్ విక్ స్కూల్లో నటన నేర్చుకున్నారు. ఉత్తర ఇంగ్లండ్, దుకాణదారుల కుటుంబం, పైచదువు. ఈ మూడూ కలిసినచోట మనిషి చెవి ఎలా తయారవుతుందో ఊహించుకోవచ్చు. గల్లాపెట్టె ముందు నిలబడి ఎవరు ఏ యాసలో మాట్లాడుతున్నారో, ఎవరు తమది కాని యాసలో మాట్లాడటానికి తంటాలు పడుతున్నారో వింటూ పెరిగిన చెవి.

ఇంగ్లండ్‌లో వర్గం అనేది మొదట చెవికే తెలుస్తుంది. బట్టలూ కారూ తర్వాత. మనిషి నోరు తెరిచి రెండు ముక్కలు మాట్లాడితే చాలు, ఎక్కడివాడు, ఏ బడిలో చదివాడు, తండ్రి ఏం చేసేవాడు అన్నవి ఎదుటివాడు లెక్కగట్టేస్తాడు. అందుకే బకెట్ జోకు అక్కడ అంత లోతుగా తగిలింది. ఇందులో ఇంకో చిన్న మెలిక కూడా ఉంది. ఉత్తర ఇంగ్లండ్ యాసలో ఆ మాట నిజానికి 'బకెట్' కాదు, 'బుకిట్'కు దగ్గరగా ఉంటుంది. దక్షిణాదివాళ్లు 'అ' అనే చోట వాళ్లు 'ఉ' అంటారు. బుకిట్‌కూ బొకేకూ మధ్య దూరం ఎంత? చివరి 'ట్' మింగేసి, బరువును రెండో అక్షరం మీద వేస్తే సరిపోతుంది. హయసింత్ జీవితమంతా దాటాలని చూసిన సముద్రం వెడల్పు ఒక్క హల్లు.

రౌట్‌లెడ్జ్‌ది బలమైన, శిక్షణ పొందిన గొంతు. 1950లలో, 60లలో లండన్ పాటల నాటకాల్లో ఆమెకు పేరు వచ్చింది. కానీ ఒక చిక్కు. గొంతు నాయికది, రూపం మాత్రం అప్పటి నిర్మాతలు నాయికకు కావాలనుకునే కొలతల్లో లేదు. ముప్పైల్లోనే ఆమెను అత్తలకూ పనిమనుషులకూ విధవరాళ్లకూ పిలిచేవారు. 1968లో బ్రాడ్‌వేలో 'డార్లింగ్ ఆఫ్ ద డే' వచ్చింది. జూల్ స్టైన్ సంగీతం, పక్కన నాయకుడిగా విన్సెంట్ ప్రైస్. ఆమెది మళ్లీ పెళ్లికి సిద్ధపడే ఒక మామూలు లండన్ విధవరాలి పాత్ర. ఆ నాటకం 31 ప్రదర్శనలతో ఆగిపోయింది. అయినా ఆ ఏడాది పాటల నాటకంలో ఉత్తమ నటి టోనీని లెస్లీ అగమ్స్‌తో కలిసి ఆమె పంచుకున్నారు. నెల రోజులు కూడా నడవని నాటకానికి అంత పెద్ద బహుమతి రావడం, వచ్చాక కూడా పెద్దగా ఏమీ మారకపోవడం, రెండూ విచిత్రమే.

1976లో ఇంకో ప్రయత్నం. 'వెస్ట్ సైడ్ స్టోరీ'కి సంగీతం కట్టిన లెనర్డ్ బెర్న్‌స్టైన్, 'మై ఫెయిర్ లేడీ' రాసిన అలన్ జే లెర్నర్ కలిసి వైట్‌హౌస్ చరిత్ర మీద '1600 పెన్సిల్వేనియా అవెన్యూ' అనే నాటకం కట్టారు. అధ్యక్షుల భార్యలందరూ ఆమే. అందులో ఒక పాటకు ఇప్పటికీ కథలు చెప్పుకుంటారు. పదవి దిగిపోతున్న గ్రాంట్ భార్య, పదవిలోకి వస్తున్న హేస్ భార్య ఒకరినొకరు ఎత్తిపొడుచుకుంటూ పాడే యుగళగీతం అది. ఇద్దరి వంతూ ఆమె ఒక్కరే పాడాలి. ఒక వాక్యం మంద్ర గొంతులో, మరుక్షణం ఇంకోటి పైస్థాయిలో. మధ్యలో ఊపిరి తీసుకునే జాగా కూడా సరిగా ఉండదు. జనం లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. నాటకం మాత్రం 7 ప్రదర్శనలకే మూతపడింది. దెబ్బతిన్న బెర్న్‌స్టైన్ ఆ పాటలను ఆల్బమ్‌గా కూడా రానివ్వలేదు.

ఈ పాటను గుర్తుపెట్టుకోవాలి. ఒకే గొంతులో ఇద్దరు ఆడవాళ్లు, వాళ్ల మధ్య అంతస్తుల తగువు. పద్నాలుగేళ్ల తర్వాత ఇదే విద్య టీవీలో వేరే వేషంలో వచ్చింది.

అమెరికా నుంచి ఖాళీ చేతులతో వచ్చినా ఇంటి దగ్గర పని తక్కువేం కాలేదు. అదే 1976లో మాంచెస్టర్‌లో రాయల్ ఎక్స్ఛేంజ్ థియేటర్ తెరిచినప్పుడు తొలి నాటకం 'ద రైవల్స్'లో మిసెస్ మాలప్రాప్ ఆమే. పెద్దపెద్ద మాటలు వాడాలన్న సరదాతో ఒకదానికి బదులు ఇంకోటి వాడేసే పాత్ర అది. ఇంగ్లిష్‌లో అలాంటి పొరపాటుకు ఆమె పేరే స్థిరపడిపోయింది. తర్వాత రాయల్ షేక్‌స్పియర్ కంపెనీ 'రిచర్డ్ ద థర్డ్' నాటకంలో శాపాలు పెట్టే రాణి మార్గరెట్‌గా ఆంటనీ షేర్ ఎదుట నిలబడ్డారు. ఈ మధ్యలో 1982లో మైకేల్ ఫ్రేన్ నవ్వుల నాటకం 'నాయిజెస్ ఆఫ్' తొలి ప్రదర్శనల్లో నటించారు. తలుపులు, సార్డీన్ చేపల ప్లేటు, ఫోను, వీటి మధ్య సెకను తేడా వచ్చినా నవ్వు చచ్చిపోయే రకం అది. గొంతుతో పాటు ఒంటి టైమింగ్ కూడా అక్కడ సానబడింది.

అదే 1982 టీవీలోనూ మలుపు. లీడ్స్ ఊరి కసాయి కొడుకు అలన్ బెన్నెట్ అప్పటికే నాటకకర్తగా పేరు తెచ్చుకున్నాడు. 1978లో అతను రాసిన ఒక టీవీ నాటకంలో, రిటైరై హాయిగా ఉన్న పాత బాసును చూడటానికి వచ్చి, ఆఫీసు కబుర్లతోనే ఆయన మనశ్శాంతిని చిందరవందర చేసి వెళ్లే మిస్ ప్రోథెరోగా ఆమె వేశారు. 1982లో వచ్చినది 'ఎ వుమన్ ఆఫ్ నో ఇంపార్టెన్స్'. మొత్తం ఒక్క మనిషి మాటే. పెగీ అనే ఆఫీసు ఉద్యోగిని కెమెరా వైపు చూస్తూ క్యాంటీన్ సంగతులు చెబుతుంది. ఎవరు ఏ టేబుల్ దగ్గర కూర్చుంటారో, తను లేకపోతే ఆ బల్ల ఎలా వెలవెలబోతుందో చెప్పుకుపోతుంది. తర్వాత ఆసుపత్రి మంచం మీద నుంచి చెబుతుంది. తను అందరికీ ఎంత ముఖ్యమో ఆమె చెప్పేకొద్దీ, ఎవరికీ ఏమీ కాదన్న సంగతి చూసేవాళ్లకు తెలుస్తుంటుంది. జబ్బు చిన్నది కాదని కూడా.

ఇలాంటి రాతలో నటి చేయాల్సిన పని చాలా కష్టం. పాత్రకు తెలియని విషయం ప్రేక్షకుడికి తెలియాలి. కానీ నటి కన్నుగీటి చెప్పకూడదు. చెబితే మొత్తం చెడుతుంది. గొంతులో ఆత్మవిశ్వాసం ఎక్కడా తగ్గకూడదు, ఆ నిబ్బరం కిందే నేల కుంగిపోవాలి. రౌట్‌లెడ్జ్ దీన్ని ఒక గాయని సాధించినట్టు సాధించారు. వాక్యాన్ని ఎక్కడ ఎత్తాలి, ఎక్కడ ఊపిరి ఆపాలి, ఏ మామూలు మాటను అక్కర్లేనంత శ్రద్ధగా పలకాలి అన్నది స్వరాలు రాసుకున్నంత పకడ్బందీగా ఉంటుంది. బెన్నెట్ 1988లో 'టాకింగ్ హెడ్స్' పేరుతో ఆరు ఏకపాత్రలు తెచ్చినప్పుడు అందులో ఒకటి ఆమెదే. అడ్డమైనవాళ్లకూ ఫిర్యాదు ఉత్తరాలు రాసే ఒంటరి ఆడమనిషి మిస్ రడక్. ఎదురింటివాళ్లు పిల్లాణ్ణి పట్టించుకోవడం లేదని రాస్తుంది. ఆ పిల్లాడు జబ్బుతో ఆసుపత్రిలో ఉన్నాడని తర్వాత తెలుస్తుంది. చివరికి ఆమెను జైల్లో వేస్తారు. జీవితంలో మొదటిసారి నలుగురు మనుషులు దొరికి, అక్కడే సంతోషంగా ఉంటుంది. నవ్వుతూ చూడటం మొదలుపెట్టినవాడు ఎక్కడ నవ్వు ఆపాడో తనకే తెలియదు.

ఈ రెంటికీ నడుమ కామెడీ రచయిత్రి విక్టోరియా వుడ్ ఆమెను ఇంకోవైపు నుంచి వాడుకుంది. 1985లో మొదలైన 'విక్టోరియా వుడ్ యాజ్ సీన్ ఆన్ టీవీ'లో కిటీ అనే పాత్ర వచ్చేది. మాంచెస్టర్ పక్కనున్న చీడిల్ ఊరామె. కుర్చీలో నిటారుగా కూర్చుని, ఏ విషయం మీదైనా తన అభిప్రాయం దేశానికి అవసరం అన్న ధీమాతో మాట్లాడుతుంది. బెన్నెట్ పాత్రల వెనక ఉండే నీడ ఇందులో తక్కువ, నవ్వు సూటిగా ఉంటుంది. ఉత్తరాది యాస, బ్రాండు పేర్లు, చిన్న సంగతికి పెద్ద గాంభీర్యం. కిటీని చూసినవాళ్లు హయసింత్‌ను చూసి ఆశ్చర్యపోయి ఉండరు. దాదాపు అక్కాచెల్లెళ్లే, కాకపోతే కిటీకి తన మీద తనకు అనుమానం లేదు. హయసింత్‌కు రోజంతా అదే భయం.

రాయ్ క్లార్క్ హయసింత్ పాత్ర రాసేసరికి పోలీసు, సేల్స్‌మన్, టీచరు ఉద్యోగాలన్నీ చేసి టీవీ రచనలో బాగా నిలదొక్కుకున్నవాడు. అతని సీరియల్ 'లాస్ట్ ఆఫ్ ద సమ్మర్ వైన్' అప్పటికే ఏళ్లుగా నడుస్తోంది. బ్రిటన్ పద్ధతిలో సిట్‌కామ్ అంటే ఏడాదికి ఆరో పదో ఎపిసోడ్లు, ఒక్కొక్కటి అరగంట, సాధారణంగా ఒకే రచయిత. కీపింగ్ అప్ అపియరెన్సెస్ అయిదేళ్లలో, క్రిస్మస్ స్పెషల్స్‌తో కలిపి 44 ఎపిసోడ్లు. మన డైలీ సీరియల్‌కు అది రెండు నెలల సరుకు కూడా కాదు. వీధి దృశ్యాలు కొవెంట్రీ చుట్టుపక్కల తీసేవారు. హయసింత్ ఇల్లు బిన్లీ వుడ్స్ అనే శుభ్రమైన కాలనీలో, చెల్లెలు డైసీ ఇల్లు స్టోక్ ఆల్డర్‌మూర్‌లో. ఇంటి లోపలి సీన్లు స్టూడియోలో జనం ముందు నటించేవారు. వినబడే నవ్వు ఆ జనానిదే. అంటే వారం వారం ఒక చిన్న నాటకం వేసినట్టే. నలభై ఏళ్లు స్టేజీ మీద గడిపినావిడకు ఇది కొత్త చోటు కాదు.

సిట్‌కామ్‌లో పాత్ర ఏమీ నేర్చుకోకూడదు. నేర్చుకున్న రోజు సీరియల్ అయిపోతుంది. హయసింత్ పెద్దమనుషులను కొవ్వొత్తుల వెలుగులో భోజనానికి పిలుస్తుంది, వాళ్లు తప్పించుకోవడానికి దారులు వెతుకుతారు. బనీనుతో, బీరు డబ్బాతో సోఫాలో పడి ఉండే మరిది ఆన్‌స్లో ఆ సమయానికే చప్పుడు చేసే కారులో ఊడిపడతాడు. డైసీ ఇంటి ముందు పాడుపడ్డ కారులోంచి కుక్క మొరుగుతుంది, హయసింత్ పొదలో పడుతుంది. కుక్క అక్కడ ఉంటుందని ఆమెకు తెలుసు, మనకూ తెలుసు. ఇంకో చెల్లెలు వయొలెట్‌కు ఈతకొలను, మెర్సిడెస్ కారు, గుర్రప్పిల్లను కట్టేసుకునేంత జాగా ఉన్నాయని ఎదురైన ప్రతివాడికీ చెబుతుంది. కొడుకు షెరిడన్ తెర మీద ఎప్పుడూ కనబడడు, డబ్బు కోసం ఫోను చేస్తుంటాడు. ఒకే సరుకును ఇలా తిప్పితిప్పి అమ్మారన్న విమర్శ అప్పట్లోనే ఉంది, అది న్యాయమే. చివరి రెండు సిరీస్‌లలో కొన్ని ఎపిసోడ్ల కథ తలుచుకుంటే ఏది ఏదో గుర్తురాదు.

అయినా జనం చూశారు. ఎందుకంటే కథ ఎప్పటిదైనా ఆమె పలికే తీరు ఎప్పటికప్పుడు వినదగ్గది. ఫోను మోగుతుంది. ఎత్తకముందు వంటింట్లో రిచర్డ్‌తో మాట్లాడుతున్న గొంతు ఒకటి. రిసీవర్ ఎత్తగానే ఇంకో గొంతు. ఇది బొకే నివాసం, ఇంటి యజమానురాలు మాట్లాడుతున్నాను అంటూ ఒక్కో అచ్చును సాగదీసి, గుండ్రంగా చేసి, పళ్లెంలో పెట్టి అందిస్తుంది. అవతలివాడు చైనీస్ హోటల్ అనుకుని నూడుల్స్ ఆర్డరు చేస్తాడు. అప్పుడు మూడో గొంతు బయటికొస్తుంది, ఛాతీ అడుగు నుంచి, బర్కెన్‌హెడ్ ఒడ్డు నుంచి. పది సెకన్లలో మూడు అంతస్తులు ఎక్కి దిగడం ఇది. 1976లో ఇద్దరు అధ్యక్షుల భార్యల యుగళగీతం పాడిన గొంతే ఇక్కడ ఫోను ఎత్తుతోంది.

ఇక పాట. పక్కింటి ఎలిజబెత్ తమ్ముడు ఎమెట్ సంగీతం మాస్టారు, ఊళ్లో నాటకాలు వేయించేవాడు. అతని కంటబడితే వేషం దొరుకుతుందని హయసింత్ ఆశ. అందుకే అతను కనబడితే చాలు, పాట ఎత్తుకుంటుంది. అతను పొదల చాటున నక్కి ఇంటికి పరిగెత్తుతాడు. ఇక్కడ రౌట్‌లెడ్జ్ చేసింది మామూలుగా శ్రుతి తప్పడం కాదు. శ్రుతి తెలియనివాడు ఎలాగోలా తప్పుతాడు, అందులో నవ్వేమీ ఉండదు. ఆమె స్వరానికి వెంట్రుకవాసి దూరంలోకి తీసుకెళ్లి, అక్కడ పూర్తి నమ్మకంతో, నిండు గొంతుతో నిలబడతారు. శాస్త్రీయ గాత్రంలో ఉండే కంపనను ఒక పిసరు ఎక్కువ ఊపుతారు. ఎక్కడ తప్పాలో తెలియడానికి ఎక్కడ ఒప్పో తెలియాలి. 1988లో 'కాండీడ్'లో ముసలావిడగా ఒలివియే అవార్డు తెచ్చిపెట్టిన గొంతును ఇలా పాడుచేసి చూపించడానికి ఎంత గుండె కావాలో సంగీతం తెలిసినవాళ్లకే అర్థమవుతుంది. ఈ సీరియల్‌లో ఇంకో దాపరికం కూడా ఉంది. పొట్టి గౌన్లతో ప్రేమల కోసం తిరిగే చెల్లెలు రోజ్‌గా రెండో సిరీస్ నుంచి వేసిన మేరీ మిల్లర్ 1986లో లండన్ 'ఫాంటమ్ ఆఫ్ ద ఆపెరా' తొలి బృందంలో పాడిన గాయని. అపస్వరాల సీరియల్‌లో ఇద్దరు అసలైన పాటగత్తెలు.

మిగిలినవాళ్ల గురించి ఒక మాట చెప్పకపోతే అన్యాయం. నిట్టూర్పుతోనే అరపేజీ డైలాగు చెప్పగల క్లైవ్ స్విఫ్ట్ లేకపోతే రిచర్డ్ లేడు. జోసెఫిన్ ట్యూసన్ ఎలిజబెత్‌గా చేతిలో కప్పు వణికిస్తేనే హయసింత్ ఎంత భయపెట్టే మనిషో మనకు కొలత దొరుకుతుంది. గయ్యాళి పాత్ర ఎప్పుడూ ఎదుటివాళ్ల మొహం మీదే పండుతుంది. సూర్యకాంతం గారి సినిమాల్లో రేలంగి, రమణారెడ్డి మొహాలు చూసి నవ్వినవాళ్లకు ఇది కొత్త సంగతి కాదు.

హయసింత్ మీద జనానికి అసహ్యం ఎందుకు పుట్టలేదన్నది ఇంకో ప్రశ్న. మొగుణ్ణి ఊపిరాడనివ్వదు, పొరుగువాళ్లను హడలగొడుతుంది, సొంత చెల్లెళ్లను చూసి సిగ్గుపడుతుంది. కానీ ముసలి తండ్రి మళ్లీ ఎక్కడికో పారిపోయాడని కబురు వస్తే అన్నీ ఆపి పరిగెత్తుతుంది. వీధిలో ఎవరూ చూడకూడదని తల దాచుకుంటూ అయినా ఆ ఇంటి గుమ్మం దాకా వెళ్లకుండా ఉండదు. ఆ తండ్రి ఉండేది డైసీ దగ్గరే. ఆమె ఆ కుటుంబాన్ని దాచిపెట్టింది, వదిలేయలేదు. రౌట్‌లెడ్జ్ ఈ తేడాను ఎక్కడా డైలాగుగా చెప్పలేదు. ఆ గుమ్మంలో మాట్లాడేటప్పుడు మాత్రం అచ్చుల సాగదీత కాస్త తగ్గుతుంది. బెన్నెట్ దగ్గర నేర్చిన పనే ఇది. పాత్రకు తెలియనిది గొంతు చెప్పేయాలి.

పైన పటారం లోన లొటారం అన్న బతుకు ఒక్క ఇంగ్లండ్‌ది కాదు గనుక ఈ సీరియల్ దేశాలు దాటింది. అమెరికాలో పీబీఎస్ స్టేషన్లు ఏళ్ల తరబడి మళ్లీ మళ్లీ వేశాయి. విదేశీ ఛానళ్లకు దాదాపు వెయ్యిసార్లు అమ్ముడై, తమ కార్యక్రమాల్లో అన్నిటికంటే ఎక్కువ ఎగుమతి అయినది ఇదేనని 2016లో బీబీసీ వాణిజ్య విభాగం ప్రకటించింది. యాసల తేడా విదేశీయులకు అందదు కదా, మరి ఏం చూసి నవ్వారు? అచ్చులు అర్థం కాకపోయినా, మనిషి ఫోను ఎత్తగానే గొంతు మార్చడం ఏ దేశంలోనైనా తెలిసిన సంగతే. బంధువుల ముందు ఒక తెలుగు, మేనేజరు ముందు ఇంకో ఇంగ్లిషు మాట్లాడే ఇళ్లు మనకు తక్కువా?

1995 క్రిస్మస్ రోజుతో సీరియల్ ఆగిపోయింది. ఆపింది బీబీసీ కాదు, ప్రేక్షకులు తగ్గీ కాదు. ఆమే చాలన్నారు. పాత ఆలోచనలే మళ్లీ వస్తున్నాయని ఆమెకు అనిపించింది. ఇంకా ఎందుకుంది అనేదాకా ఉండటం కంటే అప్పుడే ఎందుకు వెళ్లిపోయింది అనిపించుకోవడం మంచిదన్నది ఆమె లెక్క. అలా చేయడం ఎంత అరుదో టీవీ చూసేవాళ్లందరికీ తెలుసు. 66 ఏళ్ల వయసులో, దేశంలో అందరికీ తెలిసిన పాత్రను చేతులారా వదులుకున్నారు. హయసింత్‌కు రెండుసార్లు బాఫ్టా నామినేషన్ వచ్చింది, అవార్డు రాలేదు. 1996లో బీబీసీ టీవీ అరవయ్యేళ్ల పండక్కి జనం ఓట్లేసినప్పుడు మాత్రం అభిమాన నటిగా గెలిచింది ఆమే.

వెంటనే 1996లో 'హెటీ వెయిన్‌త్రాప్ ఇన్వెస్టిగేట్స్' మొదలైంది. లాంకషైర్‌లో అరవై ఏళ్లు నిండిన ఒక గృహిణి డిటెక్టివ్ పని మొదలుపెడుతుంది. పక్కన స్కూటర్ మీద తిరిగే కుర్రాడిగా డొమినిక్ మోనహన్, తర్వాత్తర్వాత 'లార్డ్ ఆఫ్ ద రింగ్స్'లో కనబడ్డవాడే. అది 1998 దాకా నాలుగు సిరీస్‌లు నడిచింది. ఈ పాత్రను ఆమె 1990లోనే ఒక టీవీ సినిమాలో వేశారు. అంటే హయసింత్ వచ్చిన ఏడాదే. హెటీ తన యాసలో తాను మాట్లాడుతుంది, ఎవరినీ మెప్పించే పని పెట్టుకోదు. ఒక రకంగా హయసింత్‌కు మందు లాంటి పాత్ర. అయినా జనం రోడ్డు మీద కనబడితే పిలిచింది హయసింత్ పేరుతోనే.

1999లో చిచెస్టర్‌లో 'ద ఇంపార్టెన్స్ ఆఫ్ బీయింగ్ ఎర్నెస్ట్'లో లేడీ బ్రాక్నెల్ వేశారు. ఇంగ్లిష్ నాటకరంగంలో ఇంతకుమించిన దొరసాని పాత్ర లేదు. హయసింత్ అయితే ఆమె ఇంటి గేటు తాకినా జన్మ ధన్యమైందనుకునేది. 1993లో ఓబీఈ, 2004లో సీబీఈ, 2017లో డేమ్ అనే బ్రిటిష్ రాజబిరుదులు వచ్చాయి. బకెట్ ఇంటి కోడలు కలలోనైనా ఊహించనంత గౌరవం. ఆమె ఆ చిచెస్టర్‌లోనే స్థిరపడ్డారు. పెళ్లి చేసుకోలేదు. 2016లో బీబీసీ హయసింత్ పడుచు వయసు కథగా 'యంగ్ హయసింత్' అనే ఒక్క ఎపిసోడ్ తీసి, కెరీ హవర్డ్‌కు ఆ పాత్ర ఇచ్చింది. రాసింది క్లార్కే. కథ బాగానే కుదిరింది. సిరీస్‌గా మాత్రం ముందుకు సాగలేదు.

చివరి ఏళ్లలో రౌట్‌లెడ్జ్ రెండు చిన్న కార్యక్రమాలతో ఊళ్లు తిరిగారు. ఒకటి, యుద్ధం రోజుల్లో లండన్ నేషనల్ గ్యాలరీలో మధ్యాహ్నం కచేరీలు పెట్టిన పియానో విద్వాంసురాలు మైరా హెస్ గురించి. అప్పటి టికెట్ ధరే దాని పేరు, 'అడ్మిషన్: వన్ షిల్లింగ్'. రెండోది 'ఫేసింగ్ ద మ్యూజిక్'. సంగీత విమర్శకుడు ఎడ్వర్డ్ సెకర్సన్ పక్కన కూర్చుని ప్రశ్నలు వేస్తుంటే, ఆమె తన పాటల నాటకాల కథలు చెప్పేవారు. మధ్యమధ్యలో పాత రికార్డులు వేసేవారు. బకెట్ ఇంటావిడను చూద్దామని టికెట్ కొన్నవాళ్లు హాల్లో కూర్చుని, ఆమె పడుచు గొంతు శ్రుతి తప్పకుండా పాడుతుంటే మొదటిసారి విన్నారు.